కొంగులేని చీర

బయ్యమ్మ సంచిలో అన్నిటికన్నా ముందు కొబ్బరినూనె సీసా పెట్టింది. మెంతులు, కరివేపాకు వేసి కాచిన నూనె. మూత కింద ప్లాస్టిక్ కవరు ముక్క వేసి బిగించి, సీసాను తలకిందులుగా పట్టుకుని చూసింది. కారలేదు. అయినా నమ్మకం చాలక పాత బనీనులో చుట్టి సంచి మూలన నిలబెట్టింది. దాని పక్కన పెద్ద పళ్ళ దువ్వెన. ఆ తరువాతే మొగుడి పంచెలు, చొక్కాలు, బీపీ మాత్రలు, పలచటి తువ్వాలు. ఏటా వేసవిలో అప్పలస్వామి భారతానికి బయలుదేరేటప్పుడు ఆమె సర్దే వరస అదే. ఈసారి వాటి మీద తన చీర కూడా ఒకటి పెట్టింది. తీసింది. మళ్ళీ పెట్టింది.

“తీస్తాండావు, పెడతాండావు. సంచికి తలనొప్పి వస్తాది,” అన్నాడు అప్పలస్వామి నడవలోంచి.

అతను చాప మీద కూర్చుని బట్ట మడత పెడుతున్నాడు. నిన్న సాయంత్రం మగ్గం నుంచి దించిన పట్టు. పసుపు ఒళ్ళు, ఎర్రటి అంచు. మామూలుగా ఒక పడుగు, అంటే మగ్గానికి నిలువుగా కట్టిన పోగుల మీద నాలుగు చీరలు నేస్తారు. చీరకూ చీరకూ మధ్య కొంచెం నేయకుండా వదిలి, దించాక అక్కడ కోస్తారు. ఈ బట్టను అట్లా నేయలేదు. మొదటి నుంచి చివరి దాకా ఒకటే బట్ట, మధ్యలో ఎక్కడా కోతకు చోటు లేదు. కొంగు కూడా చిట్టచివర ఒక్కచోటే. బయ్యమ్మ వెళ్ళి రెండో పక్క పట్టుకుంది. అతను చేతులు చాచి బిగిస్తే ఆమె వదిలింది, ఆమె బిగిస్తే అతను వదిలాడు. బట్ట మధ్య గాలి పోయి మడత కూర్చుంది. ఈ పని చేసేటప్పుడు వాళ్ళు మాట్లాడుకోరు.

కుప్పం అవతల, గుడుపల్లె పక్క పల్లెలో ధర్మరాజుల గుడి ముందర ఏటా పద్దెనిమిది రోజులు భారతం ఆడతారు. చీర లాగే ఆట రోజున ద్రౌపదమ్మ వేషానికి కట్టేది ఈ బట్టే. మునికృష్ణ ఆ వేషం కడతాడు. ముప్పై ఏళ్ళుగా అతనే ద్రౌపదమ్మ, ముప్పై ఏళ్ళుగా చీర మదనపల్లె బర్మా అప్పది. చీరే కాదు, హార్మోనియం అప్పదే, కిరీటాలకు పూసిన బంగారు రంగు అప్పదే, వానలు లేని ఏడు ఆటగాళ్ళు తిన్న బియ్యం కూడా అప్పవే.

అప్పలస్వామిని మదనపల్లె నేతపేట నీరుగట్టువారిపల్లెలో అందరూ బర్మా అప్ప అంటారు. తొమ్మిదేళ్ళప్పుడు రంగూను నుంచి తండ్రితో ఓడలో వచ్చాడు. ఇక్కడి మాట వచ్చింది, ఇక్కడి సంగటి రుచి పట్టింది, పది మగ్గాలు ఆడించి పట్టుచీరలు బెంగుళూరు దాకా పంపాడు. అయినా పేరు ముందర ఆ దేశం మాత్రం పోలేదు. ఇప్పుడు షెడ్డులో మిగిలింది నాలుగు మగ్గాలు. కూర్చునే మనుషులు లేక మూడింటి మీద దుప్పట్లు కప్పి ఉన్నాయి. నాలుగో దాని మీద ఈ బట్టను ఆయనే కూర్చుని నేశాడు, పగలంతా నడుము పట్టుకుని, మధ్య మధ్య లేచి గోడకు ఆనుకుని.

బయ్యమ్మ షెడ్డులోకి పోయి ఆ మగ్గం వైపు చూసింది. పడుగు అయిపోయింది. దువ్వెనలాంటి పన్నె పళ్ళలో పాత పోగుల కొసలు మాత్రం జడకుచ్చుల్లా వేలాడుతున్నాయి. కొత్త పడుగు వచ్చాక ఆ కొసలకే ఒక్కొక్క పోగునూ మెలివేసి అతకాలి. కొసలు పన్నెలో ఉన్నంతకాలం మగ్గం బతికున్నట్టే. దానికి ఆమెకు భయం లేదు. ఆమె భయం అడ్డపోగును అటూ ఇటూ మోసే నాడెది.

ఇంట్లోంచి మనిషి ఊరికి పోయేటప్పుడు మగ్గం మీద కొంచెం నేసి, చివరి వరస సగంలో నాడెను పడుగు మధ్యనే వదిలి లేవాలి. ఆ వరస పూర్తిచేయడానికి మనిషి తిరిగి వస్తాడు. ఆ ఆనవాయితీ ఆ పేటలో ఇంకెవరికీ లేదు. పెళ్ళైన కొత్తలో, మొగుడు తన తల్లి సంగతి చెప్పిన రోజున, బయ్యమ్మ తనే పెట్టుకున్నది. చెల్లెలికి జ్వరమని ఆ తల్లి ఓడ మెట్ల మీద నుంచే వెనక్కి దిగిపోయింది, తరువాతి ఓడకు వస్తానని.

“ఇట్ల ఖాళీగా పెట్టి పోతే ఎట్లయ్యా? ఏదో ఒక దారం కట్టి నాడె వదులు,” అంది.

“పడుగు లేకుండా యాడ వదిలేది? గాల్లోనా?” అని నవ్వాడు. “అయినా ఈసారి నువ్వూ వస్తాండావు కదమ్మే. ఇద్దరం పోయేటప్పుడు ఎవరి కోసం?”

అదీ నిజమే. వారం కిందట భారతం కమిటీ హరీష్ ఫోను చేశాడు. ఇన్నేళ్ళుగా చీర ఇచ్చిన మనిషికి ఏమీ చేయలేకపోయామని, ఈసారి ముందర కుర్చీ వేసి, శాలువా కప్పి సన్మానం చేస్తామని, అమ్మను కూడా తప్పకుండా పిలుచుకుని రావాలని చెప్పాడు. ఆ మాట బయ్యమ్మ ఫోను స్పీకరులోనే విన్నది. ఇన్నేళ్ళలో ఆమె ఒక్కసారీ పోలేదు. షెడ్డును, పనివాళ్ళను వదిలి పోయేదెట్లా? బట్ట పోవడమే చూసేది, బట్ట రావడమే చూసేది. ఆట చివర, దుర్యోధనుడు పడిన రోజు సాయంత్రానికే మునికృష్ణ దాన్ని భుజాన వేసుకుని ఇంటికి వచ్చేవాడు. జుట్టంతా ఎర్రరంగు అట్టలు కట్టి ఉండేది. నడుము దాటే జుట్టు అతనిది. వేషం కోసమని సవరం పెట్టకుండా పెంచిన జుట్టు. ఆ జుట్టు చూసి అతనికి పిల్లను ఎవరూ ఇవ్వలేదు. పిల్లలు లేని తమ ఇంటి వసారాలో బయ్యమ్మ అతన్ని పీట మీద కూర్చోబెట్టి, నూనె పోసి, చిక్కులు తీసేది. అతను చిన్నపిల్లాడిలా మెడ వంచి “మెల్లగామ్మా, మెల్లగా” అనేవాడు. అన్నం తిన్నాక ముగ్గురూ కలిసి బట్టను కోసేవాళ్ళు. కొంగున్న ముక్క ద్రౌపదమ్మ గుడికి పోయేది. మిగిలినవి కొంగులేని చీరలు. ఒకటి మునికృష్ణ వదినకు, ఒకటి ఆ ఏడు మగ్గం మీద కూర్చున్నవాడి ఇంట్లోకి, ఒకటి బయ్యమ్మకు. ఆమె పెట్టె నిండా అవే. బర్మాయన పట్టు నేస్తాడు, పెళ్ళాం చీరకు కొంగుండదు అని పేటలో ఆడవాళ్ళు నవ్వేవాళ్ళు. ఆమె కూడా నవ్వేది. ఇప్పుడు సంచిలో పెట్టిందీ అట్లాంటి చీరే.

బట్ట సంచిలో పట్టేలా తక్కినవన్నీ మళ్ళీ తీసి, మళ్ళీ సర్దింది. నూనె సీసా బట్టకు తగలకుండా దువ్వెన అడ్డం పెట్టింది.

బస్సెక్కి, దారిలో పుంగనూరులో దిగారు. కొత్త పడుగుకు ఇచ్చిన పట్టుకు రంగు వేసే అమ్జద్ షెడ్డు బస్టాండుకు దగ్గరే. రాగి డేగిశాల్లో నీళ్ళు మరుగుతున్నాయి. అమ్జద్ పట్టుపోగుల లడీలను కర్రలకు తగిలించి రంగులో ముంచి తిప్పుతున్నాడు. మోచేతుల దాకా చింతపిక్క రంగు. అప్పలస్వామి కన్నా రెండు మూడేళ్ళు చిన్నవాడేమో. బయ్యమ్మను చూసి కర్ర పట్టుకునే ఆగిపోయాడు.

“ఏం భాభీ, జైలు నుంచి వదిలినాడా మా అప్ప? నువ్వుండేదే అబద్ధం అనుకుంటాంటి నేను.”

అతని భార్య మసూదా లోపలి నుంచి వచ్చి, ఆ మనిషి నోటికి తాళం లేదని చెప్పి, బయ్యమ్మను చెయ్యి పట్టి నీడకు తీసుకుపోయింది. టీ ఇచ్చింది. సన్మానం సంగతి విని ఆమె చాలా సంతోషపడింది. అమ్జద్ కూడా విన్నాడు. లడీ పిండుతూ అప్పలస్వామి వైపు చూశాడు.

“బాగుండాది. ముందర కుర్చీ. మరి తెర ఎనక ఎవరప్పా? బట్ట ఎవరు ఇడిస్తారు?”

అప్పలస్వామి టీ ఊదుకుంటున్నాడు.

“తెర ఎనకేంది?” అంది బయ్యమ్మ.

అమ్జద్ ఆమె వైపు, తరువాత అప్పలస్వామి వైపు చూసి, తానేదో కారకూడని రంగు కార్చేశానని తెలిసినవాడిలా మళ్ళీ లడీ మీదికి వంగాడు. చెప్పింది మసూదాయే. ఒకసారి భర్తతో కలిసి చూడటానికి పోయిందట. దుశ్శాసనుడు చీర లాగుతుంటే, వెనక తెర కింద మోకాళ్ళ మీద కూర్చుని, చిక్కుపడకుండా, ఆగకుండా, బట్టను అందించే మనిషి ఒకడుండాలి. అది భాయిసాబే. ముందరున్న జనానికి ఎవరికీ కనపడడు.

బస్సు పలమనేరు దాటింది. ఇన్నేళ్ళూ బయ్యమ్మ మనసులో, ఆట ముందర మొగుడు కూర్చునే ఒక కుర్చీ ఉండేది. ఆ కుర్చీ కోసమే ప్రతి ఏడూ పంచె గంజి పెట్టి ఇస్త్రీ చేసేది. పంచె తిరిగి వచ్చేటప్పుడు మోకాళ్ళ కాడ మట్టి పట్టి ఉండేది. గుడిలో మొక్కుకున్నాడు కాబోలని ఉతికేది.

“యాల చెప్పలేదు నాకు?” అంది చివరికి.

“చెప్పేదానికి ఏముండాది? బట్ట నాది. దాని మడత నాకు తెలుసు. వేరేవాళ్ళయితే చిక్కేస్తారు.”

“ముందర కూసోవాలని లేదా నీకు?”

అతను కిటికీ బయట చూశాడు. టమాటా తోటల్లో కట్టెలు నిలబెట్టి తీగలు కడుతున్నారు.

“ముందర కూసున్నోళ్ళకి చీర ఎప్పుడు అయిపోతాదో అని భయమే. ఎనక కూసున్నోడికి ఇంకా ఎంతుండాదో చేతిలో తెలుస్తాంటాది. నాకు ఆడ నిమ్మళంగా ఉంటాది బయ్యమ్మా.”

ఆమె అతని చేతి మీద చెయ్యి పెట్టింది. బస్సు కుదిపినప్పుడల్లా సంచి పడిపోతుందేమోనని కాలితో అదిమి పట్టుకుంది.

కుప్పంలో బస్సు దిగి ఆటో ఎక్కారు. మునికృష్ణ ఊరి మలుపులో ఎండలో నిలబడి ఉన్నాడు. తలకు తువ్వాలు చుట్టుకున్నాడు. ఆటో ఆగకముందే సంచి అందుకున్నాడు. ఎప్పటిలా అప్పలస్వామి కాళ్ళకు వంగాడు, ఆ తరువాత బయ్యమ్మ కాళ్ళకు. వంగినప్పుడు తువ్వాలు జారింది.

జుట్టు లేదు. మెడ మీద, చెవుల చుట్టూ దగ్గరగా కత్తిరించి ఉంది. కణతల దగ్గర తెలుపు. యాభై దాటిన మనిషని ఆమెకు మొదటిసారి తెలిసింది.

“కొండకు ఇచ్చినాన్లే అమ్మా,” అన్నాడు, తువ్వాలు మళ్ళీ చుట్టుకుంటూ. “ఎండాకాలం. ఉక్కపోత.”

 అప్పలస్వామి అతని భుజం మీద చెయ్యి వేసి నడిచాడు. వెనక నడుస్తున్న బయ్యమ్మకు, సంచి మూలన ఉన్న నూనె సీసా గుర్తొచ్చి, దాన్ని ఎవరైనా చూస్తారేమోనని భయం వేసింది.

మునికృష్ణ ఉండేది అన్న ఇంట్లో. వదిన అంబిక సంగటి, రోట్లో నూరిన చెనిక్కాయల ఊరుబిండి పెట్టింది. మగవాళ్ళు తిని వసారాలో వాలాక, పెరట్లో గిన్నెలు తోముతూ బయ్యమ్మకు మెల్లగా చెప్పింది. పోయినేడు ఆట ఎవరో ఫోనులో తీసి పెట్టారట. గీసినా నీలంగా కనపడే మీసం, గడ్డం, లావు చేతులు, ఏడుపు. అది ఎక్కడెక్కడో తిరిగిందట. బెంగుళూరులో పనిచేసే ఊరి పిల్లలు చూసి, మన ఊరి పరువేముందని కమిటీకి చెప్పారట. ఈ ఏడు ద్రౌపదమ్మ వేషానికి బయట ట్రూపు నుంచి అమ్మాయిని మాట్లాడారు. రమ్యశ్రీ అంట, టీవీలో కూడా వచ్చిందంట. చీర కూడా వాళ్ళదే, మిషను బట్ట, మోటారు పెట్టిన చక్రానికి చుట్టి ఉంటుంది. మునికృష్ణకు ఆ సంగతి ఉగాది నాడే చెప్పేశారు.

“నెల కిందట జుట్టు తీయించుకుని వచ్చినాడమ్మా. ఎవరితోనూ ఒక మాట అన్లేదు. పొద్దున లేచి అద్దంలో సూసుకోడు.”

“మరి ఫోనులో మాకు యాల చెప్పలేదు?”

“అప్ప నేస్తాండాడు కదా అన్నాడు. సగంలో ఎట్ల చెప్పేదన్నాడు.”

బయ్యమ్మ గిన్నె కడిగింది. కడిగిన గిన్నెనే మళ్ళీ కడిగింది. మగ్గం మీద నడుము పట్టుకుని లేచే మొగుడు, గోడకు ఆనుకున్న వీపు కళ్ళ ముందర ఆడాయి. ఈ మాట ఆయనకు ఎట్లా చెప్పాలి, ఎండలో వచ్చాడు, బీపీ ఉంది, విని పడిపోతే ఇక్కడ డాక్టరు ఎవరు, కుప్పం దాకా ఎట్లా తీసుకుపోవాలి. ఆమె మనసు అక్కడే తిరిగింది. మునికృష్ణ దగ్గర ఆగలేదు.

చెప్పే పని ఆమెకు పడలేదు. హరీషే వచ్చాడు. ముప్పై ఏళ్ళ మనిషి, మర్యాదస్తుడు, చెప్పులు బయట వదిలి లోపలికి వచ్చి కింద కూర్చున్నాడు. ఈ వయసులో అప్పకు తెర వెనక మట్టిలో కూర్చునే కష్టం ఇక ఉండకూడదని అందరూ అనుకున్నామని చెప్పాడు. పట్టు బరువు కదా, లైట్ల వేడికి ద్రౌపది వేషానికి ఊపిరాడదు, లాగేవాడికీ చేతులు నొప్పి. ఇప్పుడంతా మోటారుతోనే. అప్ప చీర గుడికి ఇచ్చెయ్యవచ్చు, అమ్మవారికి కడతారు. అతని మాటల్లో ఎక్కడా చెడు లేదు. వెతికితే దొరుకుతుందేమోనని బయ్యమ్మ వెతికింది.

అప్పలస్వామి అంతా విన్నాడు. “మంచిదప్పా,” అన్నాడు. తరువాత, “మునికృష్ణకు కూడా కుర్చీ ఏస్తారా?” అని అడిగాడు.

హరీష్ కొంచెం తడబడి, వేస్తామన్నాడు.

ఈ ఏడు ఆటను పొద్దు గూకగానే మొదలుపెట్టారు. ముందు సన్మానం. గుడి ముందర వేదిక మీద పేరు చదివారు. బర్మా నుంచి వచ్చి మన కళను బతికించిన మహానుభావుడు అని మైకులో చెప్పారు. శాలువా కప్పారు. మెరిసే గులాబీ రంగు శాలువా, బంగారు రంగు పూలు. అప్పలస్వామి చేతులు జోడించాడు. దిగి వచ్చి కుర్చీలో కూర్చున్నాక అతని బొటనవేలు తనంతట తానే శాలువా అంచు మీదికి పోయింది. అక్కడ ఒకసారి రుద్ది ఆగింది. నైలాను. చెయ్యి ఒళ్ళోకి తీసుకున్నాడు.

కుర్చీలు రెండే. మునికృష్ణకు వేయలేదు. అతను వెనక గుంపులో ఎక్కడో నిలబడ్డాడు. బయ్యమ్మ తిరిగి చూడబోయింది, వెనక లైటు కళ్ళలో పడింది.

చీర లాగే ఆట వచ్చింది. అమ్మాయి బాగా చేసింది. గొంతు బాగుంది, ఏడుపు నిజంగా ఏడ్చినట్టే ఉంది. దుశ్శాసనుడు కొంగు పట్టుకున్నాడు. తెర వెనక మోటారు గుర్రుమంది. పలచటి నారింజ బట్ట గాలిలో తేలుతూ, వంకర్లు తిరుగుతూ వచ్చింది. ఎర్ర లైటు, నీలి లైటు. ఈలలు, చప్పట్లు, పైకి లేచిన ఫోన్లు. అది అందంగానే ఉంది. బయ్యమ్మకు ఒళ్ళు జలదరించింది కూడా. ఆ సంగతి మొగుడితో చెబుదామని తిరిగింది.

అప్పలస్వామి చూపు వేదిక మీదనే ఉంది. చేతులు ఒళ్ళో కదులుతున్నాయి. కుడిచెయ్యి మడత విప్పుతోంది, ఎడమచెయ్యి అందిస్తోంది. కుడి, ఎడమ, కుడి, ఎడమ. బట్ట లేదు. దుశ్శాసనుడు ఆగితే ఆ చేతులు ఆగుతున్నాయి, లాగితే కదులుతున్నాయి. మోటారు వేగం పెరిగింది. అతని చేతులు అందుకోలేక రెండుసార్లు తడబడి, ఆగిపోయాయి.

ఆమె శాలువా కొస లాగి ఆ చేతుల మీద కప్పింది.

తెల్లవారాక, సంచి సర్దుతుంటే, మునికృష్ణ వచ్చి వాకిట గొంతుకూర్చున్నాడు. పసుపుబట్ట చాప మీద ఉంది, వేసిన మడత వేసినట్టే. అప్పలస్వామి గుడికి ఇచ్చేద్దామని లేవబోతే అతను చెయ్యి అడ్డం పెట్టాడు.

“అప్పా, కట్టని చీర గుడికి వద్దు. నాకియ్యి.”

“నువ్వేం చేస్తావు రా?”

“అవతల తమిళం పక్క ఒక ఊరుండాది. ఆడ ఇంకా చేత్తోనే ఆడతారు. ఈ శుక్రవారం చీర లాగే ఆట. నన్ను పిలిచినారు. సవరం పెట్టుకుంటాలే. కట్టుకుని ఆడి, ఎప్పటి మాదిరే ఆదివారం దుర్యోధనుడు పడినాక మదనపల్లెకి తెస్తా. అమ్మ కోస్తాది.”

అప్పలస్వామి ముఖంలో కళ వచ్చింది. “ఎనక ఎవరుండారు, అందించేదానికి?”

“ఉండాడు ఒకాయన. ముసలాయన. నీ మాదిరే.”

“మడత ఎట్ల విప్పాలో చెప్పు ఆయనకి. అంచు ఎప్పుడూ కుడి పక్కనే రావల్ల. తొందరపడద్దని చెప్పు.”

“చెప్తా.”

అప్పలస్వామి తానూ వస్తానన్నాడు. ఆ మాట వినగానే బయ్యమ్మ ఇద్దరి మధ్యకు వచ్చింది. ఎండ, బస్సులు, తెలియని ఊరు, అక్కడ మాట వేరే, ఎక్కడ పడుకుంటాడు. వద్దంటే వద్దని గట్టిగా చెప్పింది. ఆమె అంత గట్టిగా మాట్లాడటం అరుదు. మునికృష్ణ కూడా ఆమె వైపే మాట్లాడాడు, ఈసారికి ఇంటికి పొమ్మని, ఆదివారం తనే వస్తాడు కదా అని. అప్పలస్వామి ఒప్పుకున్నాడు. బయ్యమ్మ మునికృష్ణ వైపు కృతజ్ఞతగా చూసింది. మొగుడిని తనకు మిగిల్చాడు.

బట్ట వేరే దేంట్లోనూ పట్టదు కాబట్టి సంచే ఇచ్చేశారు. తమ బట్టలు ఒక గుడ్డలో మూటకట్టుకున్నారు. నూనె సీసా తీయబోయి బయ్యమ్మ ఆగింది.

“ఉండనీ. జుట్టు మళ్ళీ వస్తాది.”

మునికృష్ణ బనీను విప్పి సీసాను చూశాడు. మూత తీసి వాసన చూశాడు. మళ్ళీ బిగించి, చుట్టి, దువ్వెన అడ్డం పెట్టి, ఆమె పెట్టిన చోటే పెట్టాడు.

“మెల్లగా వస్తాదిలేమ్మా,” అన్నాడు. “మెల్లగా.”

కుప్పం బస్టాండు దాకా వచ్చి వాళ్ళను బస్సెక్కించాడు. కిటికీ పక్క సీటు పట్టాడు, నీళ్ళ బాటిలు కొని ఇచ్చాడు. కింద నిలబడి సంచి భుజం మార్చుకున్నాడు. అప్పలస్వామి కిటికీలోంచి ఇంకా అంచు గురించే చెబుతున్నాడు. డ్రైవరు హారను కొట్టాడు. మొగుడు పొద్దున వేసుకోవాల్సిన మాత్ర వేసుకోలేదని బయ్యమ్మకు అప్పుడే గుర్తొచ్చింది. బస్సు కదిలేటప్పుడు ఆమె మూట విప్పి మాత్రల డబ్బా వెతుకుతోంది. దొరికి తలెత్తేసరికి బస్సు బయటి రోడ్డు ఎక్కేసింది.

దారిలో పుంగనూరులో రంగు వేసిన పట్టు తీసుకున్నారు.  అమ్జద్ శాలువాను చూసి బాగుందన్నాడు. అప్పలస్వామి దాన్ని మసూదాకు ఇచ్చేశాడు.

ఇంటికి వచ్చి తాళం తీసి బయ్యమ్మ నేరుగా షెడ్డులోకి పోయింది. పన్నెలో పాత కొసలు అట్లాగే వేలాడుతున్నాయి. నాడె గూట్లో ఉంది. పడుగులో నాడె లేకుండానే మనిషి తిరిగి వచ్చాడు. ఇన్నేళ్ళ తన భయాన్ని తలుచుకుని ఆమెకు సిగ్గేసింది. నవ్వొచ్చింది కూడా. ఆ పూట మొగుడికి ఇష్టమని ఉలవచారు కాచింది.

బుధవారం వీధిలో పడుగు సాగదీశారు. మరునాటి నుంచి అప్పలస్వామి మగ్గం ముందర కూర్చుని అతకడం మొదలుపెట్టాడు. పాత కొస ఒకటి, కొత్త పోగు ఒకటి, వేలికి బూడిద అద్దుకుని మెలి. శుక్రవారం సాయంత్రం చేతులు ఆపి గోడ గడియారం చూశాడు. ఇప్పుడు కట్టుకుంటూ ఉంటాడన్నాడు. కొంచెంసేపయ్యాక, ఇప్పుడు ఆయన అందిస్తూ ఉంటాడన్నాడు. బయ్యమ్మ ఊకొట్టింది. ఇంత నెమ్మదిగా ఆయన ముఖం ఈ మధ్య ఆమె చూడలేదు.

ఆదివారం ఆమె ఒక పిడికెడు బియ్యం ఎక్కువ వేసింది. వసారాలో పీట వేసింది. నూనె కొత్తగా కాచింది. జుట్టు లేకపోయినా, తలకు పెడితే చలువే కదా. కత్తెరకు పదును చూసి పెట్టింది. సాయంత్రం అంబిక ఫోను చేసింది. దుర్యోధనుడు పడ్డాడని, జనం బాగా వచ్చారని చెప్పి, “మా మరిదిని రేపన్నా పంపమ్మా, ఈ వారమంతా మీ ఇంట్లోనే పెట్టుకున్నారు,” అంది.

బయ్యమ్మ ఫోను చెవికి పెట్టుకుని నిలబడిపోయింది. లోపల అప్పలస్వామి పోగులు అతుకుతూ ఎవరని అడిగాడు.

హరీష్ మంచివాడు. విన్న మరుక్షణమే బండేసుకుని తమిళం పక్క ఊరికి పోయి కనుక్కున్నాడు. అక్కడ గుడి పడగొట్టి కొత్తగా కడుతున్నారు. ఈ ఏడు భారతమే లేదు. అందించే ముసలాయన అంటూ ఎవరూ లేడు. కుప్పం రైల్వేస్టేషను ముందర పూలమ్మే ఆమె మాత్రం, తలకు తువ్వాలు, భుజాన నిండు సంచి ఉన్న మనిషి మంగళవారం ప్లాట్‌ఫారం మెట్లెక్కడం చూశానంది. బెంగుళూరు పక్కకో మద్రాసు పక్కకో ఆమె చూడలేదు. పోలీసులకు చెప్పారు. అంబిక మొగుడు బెంగుళూరులో కొన్నాళ్ళు తిరిగాడు. అమ్జద్ తన బంధువులున్న ఊళ్ళన్నిటికీ ఫోటో పంపాడు. ఆ ఫోటోలో మునికృష్ణకు నడుము దాటే జుట్టుంది. లేని ఫోటో ఎవరి దగ్గరా లేదు.

అప్పలస్వామి పడుగు అతకడం పూర్తిచేశాడు. నేత మొదలుపెట్టాడు. ఒక మధ్యాహ్నం అతను అన్నానికి లేచినప్పుడు బయ్యమ్మ మగ్గంలోకి దిగి కూర్చుంది. నాడె అటు నుంచి తోసి, సగంలో వదిలింది. కొంతసేపు దాన్ని చూస్తూ కూర్చుని, లేచి పోయి మొగుడికి వడ్డించింది. అతను తిరిగి వచ్చి, పడుగు మధ్య ఆగి ఉన్న నాడెను చూసి, దాన్ని ముట్టుకోకుండా పక్క మగ్గం మీది దుప్పటి తీశాడు.

మునికృష్ణ తిరిగి రాలేదు. కుప్పం బస్టాండులో అతను సంచి భుజాన వేసుకుని నిలబడింది రెండువేల ఇరవై మూడు, మే నెల ఇరవై మూడో తేదీ, మంగళవారం పొద్దున.